సిరొంచ ఇంట్లో టేకు పలకల సందులకు

అన్నా, మీ సిరొంచ ఇంటి మేడ మీద టేకు పలకల సందుల్లో మేలో కూరిన పుట్టీ వానలకు పొడిపొడిగా రాలిందన్నారు కదా. తప్పు పుట్టీది కాదు. చెక్క ఎండకు వెడల్పులో కుంచించుకుంటుంది, తేమకు ఉబ్బుతుంది. పొడవు దాదాపు మారదు. గట్టిపడ్డ పుట్టీ ఆ ఒత్తిడికి నలిగిపోతుంది. అదింకా నయం, ఒక్కోసారి పలకలే పైకి లేస్తాయి.

రెండు మిల్లీమీటర్ల లోపు సందులు వదిలేయండి. పెద్దవాటిలో పాత పుట్టీని హాక్సా బ్లేడుతో గీకి, టేకు చీలిక సన్నగా చెక్కి, ఒక్క అంచుకే ఫెవికాల్ రాసి దించండి. రెండో పలక కదలడానికి వీలుండాలి. ఆరాక చిత్రిక పట్టండి. వానలు వెళ్లాక, నవంబర్‌లో చేయండి.

పలకలు మాత్రం మార్చకండి, అంత పాత టేకు మళ్లీ దొరకదు.