మాష్టారూ, ఓ మాట

ప్రశ్న: మాష్టారూ, దాసరి నారాయణరావుగారు 150కి పైగా సినిమాలు తీశారంటారు. అంత పని పెట్టుకుని మళ్లీ వేషాలు కూడా ఎందుకు వేశారండీ? ఆయన డైరెక్టరుగా గొప్పా, నటుడిగా గొప్పా?
- ఒక పాఠకురాలు, రాజోలు

జవాబు: అమ్మా, వేషం ఆయనకి పేరొచ్చాక పుట్టిన సరదా కాదు. ముందు పుట్టిందే అది. 1942లో పాలకొల్లులో పుట్టి, నాటకాలాడుతూ పెరిగిన మనిషి. మద్రాసు వెళ్లింది కూడా వేషం కోసమే. అక్కడ ముందు రాత పని దొరికింది, దర్శకత్వం ఆ తర్వాత. మా వైపు నాటకాల్లో రాసేవాడు, నేర్పేవాడు, వేసేవాడు ఒక్కడే కావడం మామూలు. అందుకే కథ, మాటలు, దర్శకత్వం అంటూ సినిమా టైటిల్స్‌లో మేఘాల మీద ఆయన ఒక్కడి పేరే పడుతుంటే నాకెప్పుడూ వింతనిపించలేదు. ‘బొబ్బిలిపులి’లో కోర్టు సీను మళ్లీ చూడండి. నటుడు ఎక్కడ ఊపిరి తీసుకోవాలో, జనం ఎక్కడ చప్పట్లు కొడతారో స్టేజీ ఎక్కినవాడికే తెలుస్తుంది.

గొప్ప ఎందులో అంటే, దర్శకత్వంలోనే. ‘ప్రేమాభిషేకం’, ‘మేఘసందేశం’ తీసిన చెయ్యి అది. కానీ నటుడిగా ఆయన్ని చూడాలంటే 1991లో వచ్చిన ‘మామగారు’ చూడండి. అది ఆయన తీసింది కాదు, ముత్యాల సుబ్బయ్యగారు తీశారు. అంత బాగా కుదరడానికి కారణం అదేనని నా గట్టి నమ్మకం.

నేను పెనుగొండ దగ్గర హైస్కూల్లో తెలుగు చెప్పే రోజుల్లో పరిషత్తు పోటీలకని ఒక నాటిక తయారు చేశాను. దర్శకత్వం నాదే, తండ్రి వేషమూ నాదే. అయిపోయాక ప్రాంప్టరు పక్కకి పిలిచి, ‘‘మాష్టారూ, కొడుకు డైలాగు చెబుతుంటే మీ పెదాలు కూడా కదులుతున్నాయండి’’ అన్నాడు. నిజమే. కుర్రాడు ఎక్కడ తప్పుతాడోనని టెన్షన్. అతన్నే చూస్తున్నాను గానీ, కొడుకుని చూసే తండ్రిలా చూడటం లేదు. తన సినిమాలో తనే వేసేవాడికి ఈ బరువు తప్పదు. ‘మామగారు’లో ఆ బరువు సుబ్బయ్యగారు మోశారు. దాసరిగారు ఆడపిల్ల తండ్రిగా నిలబడ్డారు, అంతే.

ఆ సినిమాకి మా నాన్నని నేనే పాలకొల్లు తీసుకెళ్లాను. చెల్లెలి పెళ్లయి అప్పటికి రెండేళ్లు. పెట్టుపోతల దగ్గర మాటా మాటా వచ్చి, నాన్న వియ్యంకుడి గడప తొక్కడం మానేశారు. ఇంటర్వెల్లో సోడా తెస్తే వద్దన్నారు. రెండో సగమంతా తువ్వాలు కొస నోటికి అడ్డం పెట్టుకునే కూర్చున్నారు. ఆట వదిలాక కాలవ గట్టు మీద ఇంటిదాకా నడిచొచ్చాం, ఒక్క మాట లేదు. మర్నాడు పొద్దున్నే ఒక చక్కెరకేళి గెల, గోతంలో డజను కొబ్బరికాయలు పట్టుకుని, ఎవరికీ చెప్పకుండా భీమవరం బస్సెక్కారు. చెల్లెలి అత్తవారిది ఆ ఊరే. డైరెక్టరుగా దాసరిగారి సినిమాలు నేను లెక్కలేనన్ని చూశాను తల్లీ. నటుడిగా ఆయన మా ఇంటికి చేసింది మాత్రం ఇది.

ప్రశ్న: పాలకొల్లు నుంచి ఇంకా పెద్ద డైరెక్టర్లు ఉన్నారా?
- ఒక విద్యార్థి, తణుకు

జవాబు: ఉన్నారు నాయనా, కోడి రామకృష్ణగారు. ‘అమ్మోరు’, ‘అరుంధతి’ తీసింది ఆయనే. పని నేర్చుకున్నది దాసరిగారి దగ్గరే. 1982లో మొదటి సినిమా ‘ఇంట్లో రామయ్య వీధిలో కృష్ణయ్య’. అందులో హీరో చిరంజీవిగారిది మన మొగల్తూరు. ఇంకో సంగతి విను. ‘తాత మనవడు’తో గురువుగారికి తొలి సినిమా ఇచ్చిన నిర్మాత కె.రాఘవగారే శిష్యుడికీ తొలి సినిమా ఇచ్చారు.