విలన్ పక్కనోడి వేషాలే కావాలంటున్నాడు!

ప్రశ్న: మా అబ్బాయి బీకాం రెండో ఏడు. పాత ఇటలీ కౌబాయ్ సినిమాలు, హారర్ సినిమాలు తెల్లవార్లూ చూస్తాడు. హీరో అక్కర్లేదట, వాటిలో కారెక్టర్ వేషాలు దొరికితే చాలట. డిగ్రీ అయ్యాక రోమ్ వెళ్లి యాక్టింగ్ నేర్చుకుంటానంటున్నాడు. ఏం చెప్పాలో తోచడం లేదు. - ఒక తండ్రి, తణుకు

జవాబు: హీరో అవుతామనే పిల్లలు చాలామందే వస్తారు నా దగ్గరికి. విలన్ పక్కనోడు చాలన్నవాడు మీవాడే మొదటివాడండీ. నాకైతే ముచ్చటేసింది.

కానీ ముందు చేదు మాట చెప్పాలి. వాడు వెళ్దామనుకుంటున్న ఆ పరిశ్రమ ఇప్పుడు లేదు. 1958లో హెర్క్యులిస్ సినిమా ఆడింది, ఇక వరసగా కండల వీరుల కథలే. 1964లో దర్శకుడు సెర్జియో లియోనే కౌబాయ్ సినిమా ఆడింది, అందరూ గుర్రాలెక్కారు. 70లలో పోలీసులు, హంతకులు, ఆ తర్వాత జాంబీలు. ఒకటి ఆడితే అదే అచ్చులో డజన్లకొద్దీ తీసేవారు. చిన్న నటులకు కూడు పెట్టింది ఆ హడావుడే. 1976లో ప్రైవేటు టీవీకి కోర్టు దారి తెరిచాక జనం హాళ్లకు రావడం తగ్గింది. 80లు గడిచేసరికి ఆ పంట దాదాపు ఎండిపోయింది.

అందులో నిలబడ్డవాళ్లను చూడండి. లుయిజీ పిస్టిల్లి మిలాన్ పికోలో థియేటర్లో తయారైన రంగస్థల నటుడు. 1966లో వచ్చిన 'ది గుడ్, ది బ్యాడ్ అండ్ ది అగ్లీ'లో ఆయనది దొంగ తమ్ముడున్న చర్చి ఫాదర్ వేషం. ఉన్నది కొద్ది నిమిషాలే. తమ్ముణ్ణి చెంపమీద కొడతాడు, తమ్ముడు తిరిగి ఒక్క గుద్దుతో పడేస్తాడు. తమ్ముడు వెళ్లిపోయాక, వినపడని దూరం నుంచి ఫాదర్ క్షమించమంటాడు. అంత చిన్న వేషంలో ఒక ఇంటి కథంతా కనిపిస్తుంది. స్టేజీ మీద నలిగినవాడికే అది వస్తుంది.

అదే సినిమాలో ఖైదీని చితకబాదే బండ సైనికుడు మారియో బ్రెగా. అంతకుముందు మాంసం కొట్టేవాడు. ఆ ఒళ్లే ఆయన పెట్టుబడి. కౌబాయ్ గాలి తగ్గాక ఇంటికి పోలేదు. 80లలో దర్శకుడు కార్లో వెర్దోనే కామెడీల్లో తన సొంత రోమ్ యాసతో నవ్వించాడు. జార్జ్ ఈస్ట్‌మన్ (అసలు పేరు లుయిజీ మాంటెఫియోరి) భయపెట్టే ఆకారంతో వేషాలు వేస్తూనే కథలు రాయడం పట్టాడు. 1976 నాటి 'కెయోమా' అనే కౌబాయ్ సినిమా కథ ఆయనదే. అంటే ముగ్గురి చేతిలోనూ వేషం కాక ఇంకొకటి ఉంది.

ఇంకో సంగతి మీవాడికి తెలుసో లేదో. అక్కడ సెట్లో ఎవరి భాషలో వాళ్లు డైలాగ్ చెప్పేవారు, గొంతు తర్వాత డబ్బింగ్‌లో పెట్టేవారు. చాలామంది నటుల మొహం ఒకరిది, గొంతు ఇంకొకరిది. మన దగ్గర ఇది కొత్తేం కాదు కదా!

రోమ్‌లో 1935 నుంచీ చెంత్రో స్పెరిమెంతాలే అనే ప్రభుత్వ సినిమా స్కూలుంది. మంచిదే. కానీ ఆడిషన్, పాఠాలు అన్నీ ఇటాలియన్‌లో. భాష రాకుండా టికెట్ కొనడం డబ్బు తగలెయ్యడమే. హైదరాబాద్ ఇఫ్లూలో (ఇంగ్లీషు, విదేశీ భాషల యూనివర్సిటీ) ఇటాలియన్ నేర్పుతారు, కనుక్కోండి. డిగ్రీ పూర్తి చేయించి, హైదరాబాద్ సెంట్రల్ యూనివర్సిటీలో థియేటర్ ఆర్ట్స్ పీజీకి ప్రయత్నించమనండి. గుర్రపు స్వారీ సరదా తర్వాత చూసుకోవచ్చు.

ఈలోగా ఒక పరీక్ష పెట్టండి. ఆ ఫాదర్ సీన్ సౌండ్ ఆపేసి, పెదాలకు సరిపడేలా తెలుగు డైలాగ్ తనే రాసి, తనే చెప్పి, మీకు వినిపించమనండి. ఇరవైసార్లు తిరగరాసినా విసుగు రాకపోతే మళ్లీ నాకు రాయండి. అప్పుడు రోమ్ ఖర్చుల లెక్కలు కూర్చుని వేద్దాం.