చుట్టలో చీటీ: యుద్ధకాలపు గూఢచారి నవలలు అడిగినవారికి

మీరు అడిగింది రెండు ముక్కలు. రెండో ప్రపంచ యుద్ధంలో జర్మన్ల కింద నలిగిన దేశాల్లో చాటుమాటుగా ఎదురు తిరిగినవాళ్ల మీద, గూఢచారుల మీద వచ్చిన మంచి నవలలేవి? అట్లాంటివి తెలుగులో ఎందుకు కనబడవు? మొదటిదానికి జవాబు తేలిక. రెండోది మా నాయనమ్మ సంగతి ఎత్తకుండా చెప్పలేను, కాస్త ఓపిక పట్టండి.

మాది సూర్యాపేట దగ్గర, మూసీ పక్కన ఊరు. నల్లగొండలో డిగ్రీ చదివే రోజుల్లో అద్దె పుస్తకాల షాపులో రోజుకు అర్ధరూపాయి కట్టి మధుబాబు షాడో నవలలు నమిలి మింగినవాణ్ణి. గూఢచారి అంటే తుపాకీ, గోడ దూకుడు, విమానం. ఆ మత్తులోనే 1991లో ఒక కథ రాశాను. నిజాం మీద నడిచిన తెలంగాణ సాయుధ పోరాటం రోజులు, అమావాస్య రాత్రి, పదహారేళ్ల పిల్ల దళానికి చీటీ పట్టుకొని చేలకు అడ్డంపడి ఉరుకుతుంటుంది, వెనకాల నిజాం వైపు రజాకార్లు. ఆ పిల్ల మా నాయనమ్మే. సంగపోళ్లకు, అంటే ఆ పోరాటం నడిపినవాళ్లకు, చీటీలు మోసిందని మా ఇంట్లో అందరికీ ఎరుకే. ఎట్లా మోసిందో మాత్రం ఎవరూ అడగలేదు. కథ చదివి వినిపించాను. సగం కూడా కాలేదు, కొంగు నోటికి అడ్డం పెట్టుకొని నవ్వడం మొదలుపెట్టింది.

"రాత్రి ఉరుకుతరారా ఎవలన్న? ఊర్ల కుక్కలు ఊకుంటయా? ఒక్కటి మొరిగిందంటె ఊరంత లేస్తది. పట్టపగలే పోవాలె. అందరు సూస్తుంటెనే పోవాలె."

పొద్దున్నే నెత్తిమీద పెంటగంప పెట్టుకొని చేనికి పోయేదట. పెంటగంపలో చెయ్యి పెట్టి వెతికే జవాను ఉండడు గదా, అందులోనే దాచేదానివా అన్నాను. "గంపల దాస్తరని వానికి తెల్వదా? కట్టెతోని పొడిచి సూసెటోడు." చీటీ ఉండేది చుట్టలో.

అది ఎట్లా చేసేదో అప్పుడే, వాకిట్లో మంచం మీద కూర్చొని, చేసి చూపించింది. పొగాకు మీద కొంచెం నీళ్లు చల్లి మెత్తబరిచింది. నడుమ ఈనె తీసేసింది. నా కథ కాగితంలోంచే వేలెడు ముక్క చింపి, పొడుగ్గా మడిచి ఆకులో పెట్టి, పైన ఇంకో ఆకు చుట్టి దారం కట్టింది. అట్లాంటివి ఆరు చుట్టలు కలిపి రొండిన చెక్కుకునేది. ఐదింటికి ఒకటే ముడి, చీటీ ఉన్నదానికి రెండు ముళ్లు. ఎవరైనా ఆపితే రెండు ముళ్ల చుట్ట తీసి నోట్లో పెట్టుకోవడమే. ఒకసారి పెద్దరోడ్డు మీద అట్లాగే ఆపారు. నిప్పుపెట్టె దగ్గర లేదు. ఆపినవాణ్ణే అడిగింది, "అగ్గి ఉన్నదా అయ్యా" అని. వాడు పుల్ల గీసి ఇచ్చాడు.

"ఆ చీటీల ఏమున్నదో నాకు తెల్వదు, వానికి తెల్వదు. ఇద్దరం కల్సి కాలవెట్టినం."

చదువు రాని నీకు అంత పని ఎందుకు అప్పజెప్పారు నాయనమ్మా అంటే, "రాదు గన్కనే ఇచ్చిండ్రు" అన్నది. తన్నినా చెప్పడానికి ఆమె దగ్గర ఏమీ లేదు. కథ చింపి పొయ్యిలో వేశాను. అప్పటినుంచి ఈ రకం నవల ఏది పట్టుకున్నా ఆ రెండు ముళ్లే గుర్తుకొస్తాయి. రాసినవాడికి ఆ ముడి తెలుసా లేదా అని చూస్తాను.

ఇంకొక పరీక్ష కూడా ఉంది. దాక్కున్నవాళ్లకు బువ్వ ఎక్కడినుంచి వస్తున్నది? చాలా నవలల్లో హీరో అడవిలో పది రోజులుంటాడు, ఏం తిన్నాడో రచయితకే పట్టదు. మా నాయనమ్మకు ఆ రోజుల మీద గుర్తున్నది తుపాకుల చప్పుడు కాదు, జొన్నల లెక్క. ఇంట్లో ఆరుగురికి అడ్డెడు దంచితే, మానెడు ఎక్కువ దంచిన సంగతి పక్కింటికి రోకలి చప్పుడులోనే తెలిసిపోతుందట. నాట్లప్పుడు, కోతలప్పుడు కూలోళ్ల పేరు చెప్పి ఎంతైనా వండొచ్చు. ఎండాకాలమే కష్టం. చేలల్లో మనిషి ఉండడు, సద్దిమూట ఎవరికని అడిగితే చెప్పడానికి మాట ఉండదు. అందుకని ఎండాకాలంలో ఇంట్లో వాళ్లే ఒంటిపూట తిని రెండో పూటది పంపేవాళ్లు. దంచేది అంతే, పొయ్యి మండేది అంతే.

ఇగ నవలలకు వస్తాను. ఒక్కటే చదవగలిగితే హాన్స్ ఫాలడా రాసిన జర్మన్ నవల చదవండి. ఇంగ్లిష్‌లో 'అలోన్ ఇన్ బెర్లిన్' అనే పేరుతో దొరుకుతుంది. బెర్లిన్‌లో ఒక మామూలు ఫ్యాక్టరీ ఫోర్‌మన్, అతని భార్య. యుద్ధంలో కొడుకు చచ్చిపోతాడు. ఆదివారం పూట కూర్చొని పోస్టుకార్డుల మీద హిట్లర్‌కు వ్యతిరేకంగా నాలుగు మాటలు రాసి, ఏదో ఒక బిల్డింగు మెట్ల మీద వదిలేసి వస్తుంటారు. అంతే వాళ్ల పోరాటం. ఇది ఊరికే అల్లిన కథ కాదు. ఓటో, ఎలిజె హాంపెల్ అనే దంపతులు 1940 నుంచి రెండేళ్లపాటు ఇట్లా రెండు వందలకు పైగా కార్డులు పెట్టారు. చనిపోయింది కొడుకు కాదు, ఎలిజె తమ్ముడు. 1943 ఏప్రిల్‌లో ఇద్దరికీ మరణశిక్ష అమలు చేశారు. ఫాలడా వాళ్ల పోలీసు ఫైలు చూసి 1946లో నెల తిరక్కుండా నవల ముగించాడు. అచ్చులో చూసుకోకుండానే 1947 ఫిబ్రవరిలో పోయాడు. ఆ తొందర నవలలో కనిపిస్తుంది, కొన్ని పేజీలు గరుకుగానే ఉంటాయి. నాకది లోపం అనిపించలేదు.

ఈ కథ నాయనమ్మకు చెప్పాను. అప్పటికి ఎనభై దాటింది, చెవులు సరిగ్గా వినపడవు, గట్టిగా చెప్పాల్సొచ్చింది. కార్డులు దొరికినవాళ్లు భయపడి దాదాపు అన్నీ తీసుకుపోయి పోలీసులకే ఇచ్చేశారన్నాను. కాసేపు ఏమీ అనలేదు. తరువాత అడిగింది: "కార్డుల మీద రాత ఎవరిదో గుర్తువడ్తరు గద. ఎడమ చేత్తోని రాయొద్దా?" పుస్తకం మీద వచ్చిన సమీక్షలు నేను చాలా చూశాను. ఆ మాట ఒక్కరూ అనలేదు.

వెర్కోర్ ఫ్రెంచి నవల 'సముద్రపు మౌనం' చాలా చిన్నది, ఒక్క మధ్యాహ్నంలో అయిపోతుంది. జర్మన్ ఆఫీసరు ఒకడు ఫ్రెంచి ఇంట్లో మకాం పెడతాడు. ఆ ఇంటి పెద్దాయన, ఆయన తమ్ముడి బిడ్డో చెల్లెలి బిడ్డో, అతనితో ఒక్క మాట మాట్లాడరు. ఆఫీసరు మంచివాడే, రోజూ సాయంత్రం వచ్చి తనంతట తానే మాట్లాడి పోతుంటాడు. 1942లో పారిస్‌లో జర్మన్ల ముక్కు కిందే దొంగచాటుగా అచ్చు వేశారు దీన్ని. వెర్కోర్ అన్నది కూడా మారుపేరే, అసలు పేరు జాఁ బ్రూలే. అచ్చేసిన సంస్థకు పెట్టుకున్న పేరుకు అర్థం 'అర్ధరాత్రి ప్రచురణలు'. పుస్తకమే ఇక్కడ చీటీ అయింది. స్టైన్‌బెక్ 'ద మూన్ ఈజ్ డౌన్' కూడా అదే సంవత్సరం వచ్చింది. అందులో విమానాల్లోంచి చిన్న చిన్న పారాచూట్లకు కట్టి డైనమైటు పొట్లాలు జారవిడుస్తారు, పక్కన చాక్లెట్ ముక్క పెట్టి. పిల్లలు వెతికి పట్టుకొస్తారని. ఆ చాక్లెట్ కోసమైనా చదవొచ్చు.

అచ్చమైన గూఢచారి నవలలు కావాలంటే బోలెడు ఉన్నాయి, కానీ నా మనసు వాటిలో నిలవదు. అసలు జరిగిందే వాటికంటే పదునుగా ఉంటుంది. నూర్ ఇనాయత్ ఖాన్ సంగతి చూడండి. టిప్పు సుల్తాన్ వంశం పిల్ల, బ్రిటిష్ వాళ్ల తరఫున 1943 జూన్‌లో వైర్‌లెస్ పెట్టెతో ఫ్రాన్స్‌లో దిగింది. తోటివాళ్లు ఒక్కొక్కరే దొరికిపోతుంటే వెనక్కి రమ్మన్నా రాలేదు. ధైర్యంలో ఆమెకు వంక పెట్టలేం. కానీ పంపిన సందేశాలన్నీ ఒక నోటుపుస్తకంలో రాసి దాచుకుంది. అక్టోబరులో పట్టుబడినప్పుడు ఆ పుస్తకం జర్మన్లకు దొరికింది. ఆమె పేరుతో వాళ్లే లండన్‌కు సందేశాలు పంపారు, అది నమ్మి దిగినవాళ్లు నేరుగా వాళ్ల చేతుల్లో పడ్డారు. ఆమె నోరు మాత్రం విప్పలేదు. 1944 సెప్టెంబరు 13న డాఖావ్‌లో కాల్చి చంపారు. (సరిగ్గా నాలుగేళ్లకు అదే తేదీన యూనియన్ సైన్యం హైదరాబాద్ మీదికి కదిలింది. దీనికీ దానికీ ఏ సంబంధమూ లేదు, తేదీలు గుర్తు పెట్టుకునే జబ్బు నాది.) చదువుకున్న మనిషికి రాసి పెట్టుకునే అలవాటు పోదు. సంగపోళ్లు చీటీలు మా నాయనమ్మకు ఎందుకు ఇచ్చారో నాకు నూర్ కథ చదివాకే పూర్తిగా అర్థమైంది.

ఇగ తెలుగు సంగతి. అసలు లేవన్నది నిజం కాదు. 1946 జులై 4న కడవెండిలో దొడ్డి కొమరయ్య నేలకొరిగాడు, ఆ పోరాటంలో తొలి అమరుడు. ఏడాది తిరిగేసరికి, పోరాటం ఇంకా నడుస్తుండగానే, బొల్లిముంత శివరామకృష్ణ 'మృత్యుంజయులు' వచ్చింది. మా నకిరేకల్ దిక్కు మనిషి వట్టికోట ఆళ్వారుస్వామి, పుస్తకాలు నెత్తిన పెట్టుకొని ఊరూరా తిరిగి అమ్మినవాడు, 1955లో 'ప్రజల మనిషి' ఇచ్చాడు. దాశరథి రంగాచార్య 'మోదుగుపూలు' ఉంది. దొర గడీ ఎట్లుంటదో, వెట్టి ఎట్లుంటదో వీటిలో ఉన్నంత బాగా ఇంకెక్కడా లేదు. కానీ మీరు అడిగిన చాటుమాటు బతుకు, ఆ రెండు ముళ్ల చుట్ట, వాటిలో పెద్దగా దొరకదు. పోరాటం జనానికి చెప్పాలని రాసినవాళ్లు వాళ్లు. కొరియర్లు ఏమో చెప్పొద్దని నేర్చుకున్నవాళ్లు, ఎక్కువమంది చదువు రాని ఆడవాళ్లు. ఇద్దరికీ కలిసే చోటు లేకపోయింది.

ఇంకో కారణం కూడా ఉంది, అది నాకు చాలా ఆలస్యంగా తెలిసింది. ఫదేయెవ్ రష్యన్ నవల 'యంగ్ గార్డ్' 1946లో వచ్చింది, క్రాస్నోదాన్ అనే ఊళ్లో జర్మన్లకు ఎదురు తిరిగిన పిల్లల కథ. పార్టీ పాత్ర చాలలేదన్నారని 1951లో మార్చి రాశాడు. అది సరే. ఆ నవలలో ఒక ద్రోహి ఉంటాడు. చదివినవాళ్లందరూ అతను త్రెత్యకేవిచ్ అనే నిజం కుర్రవాడేనని గుర్తుపట్టారు. తీరా 1959లో విచారిస్తే ఆ పిల్లవాడు ఎవర్నీ పట్టివ్వలేదని తేలింది. అప్పటిదాకా ఆ ఇంటివాళ్లు ఎట్లా తలెత్తుకొని తిరిగారో ఊహించుకోండి.

మా ఊళ్లో కూడా ఒకడున్నాడు. పోలీసు యాక్షన్, అదే యూనియన్ సైన్యం హైదరాబాద్ మీదికి రావడం, అయిపోయాక, రజాకార్లు పోయి మిలిటరీ దిగాక, 1951 దాకా ఇంకో మూడేళ్లు పోరాటం నడిచింది. నాయనమ్మ లెక్కలో అదే గడ్డుకాలం. రజాకారు ఎవడో చూస్తే తెలిసేది, ఇప్పుడు చెవిలో చెప్పేవాడు సొంత ఊరివాడు. ఆ కాలంలో మా ఊరి దళంలో ఇద్దరిని పట్టించినవాడు ఎవడో ఆమెకు తెలుసు. నేను ఎన్నోసార్లు అడిగాను. పోయే ముందటి ఏడు మాత్రం ఇంత చెప్పింది: "ఆ ఇంటికి మన పిల్లనిచ్చినం కొడుకా." మా ఇంటి ఆడపిల్లలు ఊళ్లోనే మూడిళ్లకు వెళ్లారు. నాకు మూడిళ్లలోనూ భోజనం పెడతారు. ఇప్పుడు ఆ నవల నన్ను రాయమంటారా?

పింఛను కోసం ఒకసారి ఆమెను ఆఫీసుకు తీసుకుపోయాను. పేరు ఎందుకులెండి. జైలుకు పోయిన కాగితం గానీ వారంటు గానీ చూపమన్నారు. "దొరకకుండ చేసిన పనికి కాగితం ఏడ తెద్దును సారూ" అంది. ఆ సారు మంచివాడే, టీ తెప్పించాడు. పని మాత్రం కాలేదు.

కాబట్టి నా సలహా ఇది. ముందు వెర్కోర్ చదవండి, చిన్నది గనుక. తరువాత ఫాలడా, వారం పది రోజులు పెట్టుకొని. తెలుగులో మాత్రం నవల కోసం వెతక్కుండా 'మనకు తెలియని మన చరిత్ర' సంపాదించండి. స్త్రీశక్తి సంఘటన వాళ్లు పోరాటంలో ఉన్న ఆడవాళ్లను కలిసి, వాళ్ల మాటల్లోనే 1986లో వేసిన పుస్తకం. బువ్వ లెక్క, భయం, అలక, అన్నీ అందులో ఉన్నాయి. నా కాపీ ఇవ్వమని అడగొద్దు. పదకొండేళ్ల కింద ఒక స్నేహితుడు రెండు రోజుల్లో ఇస్తానని తీసుకుపోయాడు, ఇంకా చదువుతున్నాడట.