స్ట్రోక్ తర్వాత ఆ నీరసం బద్ధకం కాదండీ

మీవారికి 38 ఏళ్లు, పక్షవాతం వచ్చి 3 నెలలైంది, చెయ్యి తిరుగుతోంది కానీ పొద్దున పదింటికే మళ్లీ పడుకుంటున్నారు, చిన్నదానికే ఏడుస్తున్నారు, ఇంట్లోవాళ్లేమో బద్ధకం అంటున్నారు అని రాశారు. బద్ధకం కానే కాదండీ. కాలూచెయ్యీ బాగా కోలుకున్నవాళ్లకి కూడా ఈ అలసట ఉంటుంది, నిద్రపోయినా తీరదు.

మా తమ్ముడికి 34 ఏళ్లకే పక్షవాతం వచ్చింది. చొక్కా గుండీలు పెట్టుకునేసరికి పావుగంట పట్టేది. తర్వాత మంచం అంచున కళ్లు మూసుకుని కూర్చునేవాడు. పక్కన టీవీ మోగుతుంటే మనం చెప్పేది అందేది కాదు. స్నానం, ఫిజియోథెరపీ ఒకే పూట పెట్టకుండా మధ్యలో విశ్రాంతి ఇచ్చాక కాస్త తేరుకున్నాడు.

ఏడుపు సంగతి మాత్రం న్యూరాలజిస్టుకు తప్పకుండా చెప్పండి. డిప్రెషన్ కావచ్చు, మెదడు దెబ్బతిని ఏడుపు అదుపు తప్పడం కావచ్చు. రెండింటికీ మందులున్నాయి. థైరాయిడ్, రక్తహీనత పరీక్షలూ అడగండి.

అసలు పక్షవాతం ఎందుకొచ్చిందో తేలిందా? బీపీ, షుగర్, సిగరెట్లే కాదు, మెడలో రక్తనాళం లోపలి పొర చిరగడం, గుండెలో చిన్న రంధ్రం వల్ల కూడా ఈ వయసులో వస్తుంది. మందులు దాన్నిబట్టే ఉంటాయి. బాగానే ఉన్నాను కదా అని ఆయన మాత్రలు మానేస్తానంటే ఒప్పుకోకండి. మళ్లీ మూతి వంకరపోయినా, మాట తడబడినా వెంటనే 108కి ఫోన్ చేయండి. రక్తపు గడ్డ కరిగించే ఇంజెక్షన్ సాధారణంగా లక్షణాలు మొదలైన 4.5 గంటల లోపే ఇస్తారు.