గాజుల బండి ఎత్తుకెళ్లారా? ముందు జాబితా అడగండి

విజయవాడ బీసెంట్ రోడ్డు పక్క సందులో మీ పిన్ని గాజులు, క్లిప్పులు అమ్ముకునే బండిని కార్పొరేషన్ వాళ్లు చెప్పాపెట్టకుండా తీసుకెళ్లిపోయారని, రాజ్యాంగంలోని జీవించే హక్కు ఇక్కడ పనికొస్తుందా అని అడిగారు.

పనికొస్తుందండీ. బతుకుతెరువు కూడా జీవించే హక్కునిచ్చే 21వ అధికరణంలో భాగమేనని 1985లో ఓల్గా టెల్లిస్ కేసులో (బొంబాయి ఫుట్‌పాత్‌ల మీద బతికేవాళ్లను ఖాళీ చేయించడం గురించిన కేసు) సుప్రీంకోర్టు చెప్పింది. అలాగని ఆ తీర్పు చూపించి ‘మమ్మల్నెవరూ కదపలేరు’ అంటే కుదరదు. పద్ధతి ప్రకారం ఖాళీ చేయించవచ్చని కూడా అదే తీర్పులో ఉంది.

మీకు అసలు బలం 2014 నాటి వీధి వ్యాపారుల చట్టం. వీధి వ్యాపారుల సర్వే పూర్తయి, అమ్ముకునే సర్టిఫికెట్లు అందరికీ ఇచ్చేదాకా ఉన్నవాళ్లను లేపకూడదు. వేరేచోటికి పంపాలంటే 30 రోజుల నోటీసివ్వాలి. సరుకు పట్టుకుంటే జాబితా రాసి కాపీ చేతికివ్వాలి. (ఇది మాత్రం ఎవరూ అడగరు!) రుసుము కట్టి అడిగితే గాజుల్లాంటివి రెండు పనిదినాల్లో, పళ్లూ పూలూ అయితే ఆ రోజే వదలాలి.

కాబట్టి రేపే కాగితం మీద అర్జీ రాసి కార్పొరేషన్ ఆఫీసులో ఇచ్చి, రెండో కాపీ మీద స్టాంపు వేయించుకోండి. బండి పాత ఫొటోలుంటే జత చేయండి. కదలిక లేకపోతే ఉచిత న్యాయసహాయ నంబరు 15100కి ఫోన్ చేయండి, ఆడవాళ్లకు ఆదాయంతో పనిలేకుండా ఉచితంగా లాయరును ఇస్తారు. నేలపాడు హైకోర్టులో రిట్ (అధికారుల చర్య మీద వేసే పిటిషన్) వేయాల్సి వచ్చినా ఆ స్టాంపు కాపీయే ముందు అడుగుతారు.