పసుపు కుంకుమ పొలం అమ్మి ఇంటి లోన్ తీర్చాలా?

ప్రశ్న: గుంటూరులో ప్రైవేట్ ఆసుపత్రిలో నర్సుగా చేస్తున్నాను. జీతం 38,000. పెళ్లయి 11 ఏళ్లు. ఫ్లాట్ మావారి పేరు మీద ఉంది, హోమ్ లోన్ మీద నేనూ సంతకం పెట్టాను. నెలకు 22,000 ఈఎంఐలో 15,000 నా జీతంలోంచే పోతోంది. నాన్నగారు పసుపు కుంకుమ కింద అరెకరం రాసిస్తానంటున్నారు. అది అమ్మి, మిగిలిన 14 లక్షల లోన్ తీర్చేద్దామని ఇంట్లో అంటున్నారు. ఏం చేయమంటారు?

జవాబు: ముందు పొలం మీ పేరున రిజిస్టర్ చేయించుకోండమ్మా. అమ్మకం మాట ఇప్పుడు వద్దు.

మీ ఉత్తరం చదివాక నాకు టెన్షన్ పుట్టింది లోన్ గురించి కాదు. అప్పు పత్రాల్లో మీరున్నారు, ఇంటి దస్తావేజులో లేరు. రేపు ఈఎంఐ ఆగితే బ్యాంకు మిమ్మల్నీ అడుగుతుంది. ఇల్లు అమ్మాలంటే మాత్రం మీ సంతకంతో పనే లేదు. పాత పన్ను విధానంలో వడ్డీ మీద ఇచ్చే మినహాయింపు కూడా, దస్తావేజులో పేరు లేదు కాబట్టి మీకు రాదు. నా దగ్గరకు వచ్చే ఉద్యోగినుల్లో చాలామందిది ఇదే పరిస్థితి. జీతం తెస్తున్నారు, వాయిదాలు కడుతున్నారు, ఆస్తి పత్రాలు మాత్రం వాళ్ల అమ్మల కాలంలో ఉన్నట్టే ఉన్నాయి.

మీవారితో గొడవ పడమనడం లేదు. సగం వాటా మీ పేరున గిఫ్ట్ డీడ్ రాయమని నెమ్మదిగా అడగండి. ఫ్లాట్ తాకట్టులో ఉంది కాబట్టి బ్యాంకు అనుమతి కావాలి. స్టాంపు డ్యూటీ, రిజిస్ట్రేషన్ ఖర్చులూ ఉంటాయి. అయినా పెట్టదగ్గ ఖర్చే. అది పూర్తయ్యాకే, కావాలంటే, లోన్‌కు అదనంగా కట్టే సంగతి ఆలోచించండి.

పల్లెటూరి సాగుభూమి అమ్మితే పన్ను పడదు కదా అని ఎవరో ఒకరు అంటారు. నిజమే, కానీ అది అమ్మడానికి కారణం కాదు. కౌలుకిచ్చి, ఆ డబ్బు మీ ఒక్కరి ఖాతాలో వేయించుకోండి. పట్టాదారు పాస్‌బుక్ కూడా మీ పేరుకు మార్పించుకోండి. రిజిస్ట్రేషన్‌తో పనైపోయిందనుకుని చాలామంది దీన్ని వదిలేస్తారు. అన్నదమ్ములుంటే సాక్షి సంతకాలు పెట్టించండి. మొహమాటం వద్దు. పిత్రార్జితంలో పెళ్లికాని కూతుళ్లకు మన రాష్ట్రంలో 1985 నుంచే వాటా ఉంది, 2005 సవరణతో దేశమంతటా కూతుళ్లందరికీ కొడుకులతో సమాన హక్కు వచ్చింది.

మీవారికి టర్మ్ పాలసీ, అంటే మనిషి పోతే ఇంటివాళ్లకు డబ్బొచ్చే జీవిత బీమా, లేకపోతే, 1874 నాటి వివాహిత మహిళల ఆస్తి చట్టం కింద తీసుకోమనండి. ఆ డబ్బు మీకూ పిల్లలకే వస్తుంది, అప్పులవాళ్లు ముట్టుకోలేరు. పాలసీ తీసుకునేటప్పుడే ఆ ఫారం నింపాలి, తర్వాత కుదరదు.

ఇంకొకటి. పెళ్లికి ముందు ఇచ్చిన పీఎఫ్ నామినేషన్ పెళ్లయ్యాక చెల్లదు. ఈ రాత్రే పోర్టల్ తెరిచి చూసుకోండి.