పొద్దు వాలగానే ఆగిపోయే రేడియో

ప్రశ్న: మొన్న వేసవిలో అమెరికాలో మా అబ్బాయి దగ్గర మూడు నెలలు ఉండి వచ్చాను. ఒకరోజు కారులో వెళ్తుంటే మొక్కజొన్న చేల పక్కన చిన్న ఇల్లులాంటి ఆఫీసు, దాని వెనక బాగా ఎత్తయిన ఇనుప టవరు కనిపించాయి. అది ఆ ఊరి ప్రైవేటు రేడియో స్టేషనట. ఊళ్ళో జనం ఆరేడు వేలు కూడా ఉండరన్నాడు మా వాడు. అంత చిన్న ఊరికి సొంత రేడియో ఏమిటి, దానికి డబ్బులెలా వస్తాయి?

జవాబు: అక్కడ రేడియో దాదాపు మొదటి నుంచీ వ్యాపారంగానే పెరిగిందండీ. 1920 నవంబరు 2న పిట్స్‌బర్గ్‌లో కేడీకేఏ స్టేషన్ అధ్యక్ష ఎన్నికల ఫలితాలు చదివి వినిపించింది. దాన్ని నడిపిన వెస్టింగ్‌హౌస్ కంపెనీకి కావలసింది రేడియో సెట్లు అమ్ముడుపోవడం, వినడానికి ఏదైనా ఉంటేనే కదా జనం సెట్టు కొంటారు. డబ్బు తీసుకుని ప్రకటనకు సమయం అమ్మడమనేది 1922 ఆగస్టులో న్యూయార్క్‌లోని డబ్ల్యూఈఏఎఫ్‌తో ఊపందుకుంది. అక్కడ మాట్లాడింది అపార్ట్‌మెంట్లు అమ్మే ఒక కంపెనీ మనిషి.

చిన్న ఊళ్ళ వంతు మాత్రం రెండో ప్రపంచ యుద్ధం అయ్యాకే వచ్చింది. యుద్ధకాలంలో సామాను దొరక్క కొత్త స్టేషన్లు దాదాపు ఆగిపోయాయి. 1945లో దేశమంతా కలిపి వెయ్యి లోపే ఉన్న ఏఎం స్టేషన్లు, అంటే మనం మీడియం వేవ్ అనేవి, 1950 నాటికి రెండు వేలు దాటేశాయి. సైన్యంలో రేడియో పని నేర్చుకుని ఇంటికొచ్చిన కుర్రాళ్ళు ఉన్నారు, దుకాణాల్లో మళ్ళీ సరుకు ఉంది, లైసెన్సులిచ్చే ఫెడరల్ కమ్యూనికేషన్స్ కమిషన్ కూడా తలుపులు తెరిచింది. 1240, 1340, 1450 కిలోహెర్ట్జ్ లాంటి కొన్ని ఫ్రీక్వెన్సీలను ఊరి స్టేషన్లకే వదిలారు. మొదట్లో వాటికి 250 వాట్లు మించి శక్తి ఇచ్చేవాళ్ళు కాదు, అంటే రెండు మిక్సీలు తినే కరెంటు కూడా కాదు, కానీ ఒక ఊరికీ చుట్టుపక్కల పల్లెలకూ అది సరిపోయేది.

డబ్బులంటారా, ఊళ్ళోవే. ఇనుప సామాను కొట్టు, బ్యాంకు, కార్లమ్మేవాడు, పశువుల దాణా దుకాణం, అంత్యక్రియలు జరిపించే సంస్థ. కొందరు డబ్బుకు బదులు సరుకో సేవో ఇచ్చేవాళ్ళు, హోటలువాడు భోజనాలు పెట్టేవాడు, టైర్లవాడు స్టేషన్ కారుకు టైర్లు వేసేవాడు. పొద్దున వార్తలు చదివిన మనిషే మధ్యాహ్నం బజారులో ప్రకటనలు అడగడానికి తిరిగేవాడు, సాయంత్రం హైస్కూల్ ఫుట్‌బాల్ మ్యాచ్‌కి మైకు పట్టుకుని వెళ్ళేవాడు.

వీటి గురించి చదివినప్పుడల్లా నన్ను కట్టిపడేసేది ఆ కార్యక్రమాల జాబితా. చనిపోయినవాళ్ళ పేర్లు, అంత్యక్రియలు ఏ వేళకో. మంచు పడితే ఏ బడికి సెలవు. మొక్కజొన్న, పందుల ధరలు. ఊరివాళ్ళు ఫోన్ చేసి ‘మా దగ్గర పాత ట్రాక్టరుంది, కావలసినవాళ్ళు రండి’ అని చెప్పుకునే గంట ఒకటి, చాలా స్టేషన్లలో జనం ఎక్కువగా వినేది దాన్నే. పక్క రాష్ట్రంలో ఎవరికీ అక్కర్లేని ఈ సంగతులే ఆ స్టేషన్ ఆస్తి, ఏ పెద్ద స్టేషనూ వాటిని చెప్పదు కాబట్టి.

ఇంకోటి. మీరు చూసిన టవరు మీద యాంటెనా విడిగా ఉండదు, ఏఎంలో ఆ టవరే యాంటెనా. కింద పింగాణీ దిమ్మ మీద నిలబెడతారు, దాని చుట్టూ నేలలో చక్రం ఆకుల్లా మామూలుగా 120 రాగి తీగలు పాతిపెడతారు. అందుకే అది ఊరి బయట, తేమ నిలిచే ఖాళీ పొలంలో ఉంటుంది.

ప్రశ్న: మా పక్కింటి తాతగారు చాలాకాలం అమెరికాలో ఉద్యోగం చేశారు. తానున్న ఊళ్ళో రేడియో పొద్దు వాలగానే ఆగిపోయేదని చెబుతుంటారు. రాత్రిపూటే కదా జనం తీరిగ్గా వినేది! నిజమేనా?

జవాబు: నిజమే. ఆయనున్నది ‘డేటైమర్’, అంటే పగలు మాత్రమే నడిచే స్టేషన్ ఉన్న ఊరు. పగలు మీడియం వేవ్ తరంగాలు నేలను అంటిపెట్టుకుని కొంతదూరమే పోతాయి. పైకి వెళ్ళినదాన్ని అయనోస్ఫియర్, అంటే ఎండకు విద్యుత్ కణాలు పుట్టే పై వాతావరణం, దాని కింది పొర పీల్చేస్తుంది. ఎండ పోగానే ఆ పొర బలం పోతుంది, అప్పుడు తరంగాలు ఇంకా పై పొరల్ని తాకి వందల మైళ్ళ అవతల దిగుతాయి. అంటే చిన్న స్టేషన్ రాత్రి కూడా మాట్లాడితే అదే ఫ్రీక్వెన్సీలో ఎక్కడో 50,000 వాట్లతో నడిచే పెద్ద స్టేషన్‌కు అడ్డుపడుతుంది. అందుకని చాలా చిన్న స్టేషన్లకు పగటి లైసెన్సే ఇచ్చారు. డిసెంబరులో సాయంత్రం అయిదు కాకముందే ‘ఇక సెలవు’ చెప్పాల్సిన ఊళ్ళున్నాయి. మ్యాచ్ సగంలో ఉన్నా సరే. క్రిస్మస్ ముందు దుకాణాలు ఎక్కువ ప్రకటనలిచ్చే నెల కూడా అదే, ఆ యజమానుల బాధ ఊహించుకోండి.

ప్రశ్న: టీవీ వచ్చి ఇవన్నీ మూతపడలేదా?

జవాబు: టీవీ దెబ్బ తిన్నది పెద్ద నెట్‌వర్కుల నాటకాలు, వినోద కార్యక్రమాలు. ఊరి స్టేషన్ పాటలు వేసుకుని, కార్లలోకీ, 1954లో వచ్చిన ట్రాన్సిస్టర్ రేడియోల్లోకీ మారి బతికింది. 1970ల చివరికి శ్రోతలు ఎఫ్‌ఎంకు మళ్ళారు, అది గట్టి దెబ్బే. కానీ నా లెక్కలో అసలు దెబ్బ 1996 నాటి టెలికమ్యూనికేషన్స్ చట్టం. అంతకుముందు ఒక కంపెనీకి దేశం మొత్తమ్మీద 40 స్టేషన్లు మించకూడదు. ఆ పరిమితి ఎత్తేశాక కొన్నేళ్ళలోనే ఒకే కంపెనీ చేతికి 1,200 పైగా వచ్చాయి. ఎక్కడో నగరంలో కూర్చున్న అనౌన్సరు పది ఊళ్ళకు ముందే మాటలు రికార్డు చేసి పంపేస్తాడు. వినేవాళ్ళకు మనూళ్ళోనే ఉన్నాడనిపిస్తుంది.

దానివల్ల ఏమవుతుందో నార్త్ డకోటాలోని మైనాట్‌లో తెలిసొచ్చింది. 2002 జనవరి 18న, అర్ధరాత్రి దాటాక, ఆ ఊరి దగ్గర గూడ్సు రైలు పట్టాలు తప్పి అమ్మోనియా విషవాయువు కమ్ముకుంది. ఒకరు చనిపోయారు, వందలమంది గాయపడ్డారు. ఊళ్ళోని ఆరు వాణిజ్య స్టేషన్లూ ఒకే కంపెనీవి, అధికారులు ఫోన్ చేస్తే ఎవరూ దొరకలేదు. స్టేషన్‌లో మనిషి ఉన్నాడనీ, హెచ్చరిక పంపే పరికరాన్ని పోలీసులే సరిగా వాడలేదనీ కంపెనీ వాదించింది. ఎవరి మాట ఎంత నిజమైనా, జనం ఆ చీకట్లో రేడియో పెట్టుకుని కూర్చుంటే తమ ఊరి సంగతి వినపడలేదన్నది మాత్రం మిగిలింది. నాకది ఇప్పటికీ మింగుడుపడదు.

ప్రశ్న: అయితే ఇప్పుడు అలాంటివి మిగిలాయా? ఈసారి వెళ్ళినప్పుడు నేను వినేది ఆ ఊరి స్టేషనో కాదో ఎలా తెలుస్తుంది?

జవాబు: మిగిలాయి, ఇంటిల్లిపాదీ కలిసి నడుపుకునేవి కూడా ఉన్నాయి. కొన్ని ఏఎం స్టేషన్లు ట్రాన్స్‌లేటర్ అనే తక్కువ శక్తి ఎఫ్‌ఎం ప్రసార పరికరం పెట్టుకుని అదే కార్యక్రమాన్ని అందులోనూ ఇస్తున్నాయి, రాత్రి బెంగ కొంత తీరింది. కొన్నిటికి టవరున్న పొలం ధర స్టేషన్ ధరను మించిపోయి, భూమి అమ్ముకుని లైసెన్సు వదిలేశారు. స్టూడియో తమ ఊళ్ళోనో దగ్గర్లోనో ఉండాలన్న పాత నిబంధనను కూడా కమిషన్ 2017లో రద్దు చేసింది.

పోల్చుకోవాలంటే గంట కొట్టే వేళకు చెవి పెట్టి వినండి. ప్రతి గంటకూ స్టేషన్ తన అక్షరాల పేరు చెప్పాలి. మిసిసిపీ నదికి తూర్పున అది మామూలుగా డబ్ల్యూతో, పడమర కేతో మొదలవుతుంది, పైన చెప్పిన కేడీకేఏ లాంటి పాతవి తప్ప. ఆ వెంటనే లైసెన్సు ఏ ఊరి పేరు మీద ఉందో ఆ ఊరి పేరు చెప్పాలి. ఆ తర్వాత ఒక అరగంట ఆగకుండా వినండి. ఊళ్ళో ఎవరు పోయారో, రేపు బడి ఉందో లేదో చెప్పే గొంతు వినిపిస్తే అది ఆ ఊరిదే. పాటలూ దేశమంతటికీ ఒకటే అయిన ప్రకటనలూ తప్ప ఏమీ రాకపోతే, ఆ ఊరి పేరు చట్టం చెప్పమంది కాబట్టి చెప్పినట్టు.